సుగుణ డ్రాకు ఒప్పుకున్న రోజు

సుగుణ నాయనా,

నువ్వు పోయి ఈ రోజుకు ఏడాది. మొన్న చెన్నైలో మన బిడ్డ గ్రాండ్‌మాస్టర్ అయింది. ఆత్మకూరు చర్చి వరండాలో నువ్వు చదరంగం నేర్పిన పిల్లే.

చివరి ఆట డ్రా అయినా చాలన్నారు. ఎదుటి పిల్లే డ్రా అడిగింది. ఆట సుగుణ చేతిలోనే ఉండాదని చూసేవాళ్ళు చెప్పుకుంటాండారు. నువ్వుంటే గెలిచేదాకా ఆడమనేటోడివి. అది కాసేపు బోర్డు చూసి, చెయ్యి కలిపి లేచొచ్చింది.

"శానా అలసిపోయినామ్మా. నాయన ఉంటే తిట్టేటోడు గదా?" అనింది.

"తిట్టేటోడే. తిట్టి, బయటికి పోయి అందరికీ చెప్పుకొని మురిసేటోడు" అన్నా.

అప్పుడు ఏడ్చింది. నాకు ఏడ్చే ఓపిక కూడా లేకపోయింది. ఈ ఏడాదంతా దాని వెంబడి రైళ్ళల్లో తిరిగింది నేనే. గుర్రం ఎట్ల నడుస్తాదో మాత్రం నాకింకా తెలీదు.

ఈ పొద్దున కర్నూల్లో దిగినప్పటి నుంచి మన కల్లూరు ఇంటికి జనం దండలు పట్టుకొని వస్తానే ఉండారు. నేను గడపలో కూర్చొని అందరికీ ఒకటే మాట చెప్తాండా.

"బిడ్డ నిద్రపోతాంది, లేపను. సాయంత్రం రాండప్పా."