మంచం మీద నిమ్మగడ్డి

3, సోమవారం. ఉదయం 7.
అమ్మాయి ఫోన్. ఇరవయ్యో తేదీన పాపాయితో వస్తుందట. పది రోజులు ఉంటుందట!
"కానీ నాన్నా, దోమలుంటే మర్నాడే బస్సెక్కేస్తా. కాయిల్ పొగ పాపకి పడదు. ఆ మందులూ వద్దు."
ఏడు నెలల కిందట వాళ్ళమ్మ పోయినప్పుడు వచ్చి వెళ్ళింది. మళ్ళీ ఇదే. పాపాయి ఆ తర్వాతే పుట్టింది, ఫోన్లోనే చూశాను.
నిర్ణయం: వాసన మొక్కలు. పొగ లేదు, మందు లేదు. సులువు!

సాయంత్రం 5. నర్సరీ. నిమ్మగడ్డి 4, పుదీనా 3, బంతి 5, లావెండర్ 2. కుండీల కింద పెట్టే పళ్ళేలు ఉచితం!

4, మంగళ.
ముప్పై ఏళ్ళు ఫిజిక్స్ ల్యాబ్‌లో పనిచేశాను. కొలవనిదే నమ్మను. హాల్లో కుడికాలు మోకాలిదాకా బయటపెట్టి పావుగంట కూర్చున్నాను. దోమకాట్లు: 6. ఇక తగ్గడమే.

7, శుక్ర.
కాట్లు: 6. మొక్కలకు కొత్త చోటు. అలవాటు పడాలి కదా.

9, ఆది.
కాట్లు: 7. నర్సరీ ఆయన్ను నిలదీశాను.
"మొక్కని చూసి దోమ పారిపోద్దా సార్? ఆకు నలపాలి. అప్పుడే వాసన."
"ఆ ముక్క ఆరోజే చెప్పొచ్చుగా?"
"మీరు అడిగారా?"
కొత్త పద్ధతి: గంటకోసారి, కుండీకి మూడాకులు.

11, మంగళ.
పై ఇంటావిడ తలుపు కొట్టింది.
"ఏంటన్నయ్యగారూ నూరుతున్నారు? మెట్లదాకా ఘుమఘుమలాడిపోతోంది!"
"దోమలకమ్మా."
"తింటాయా!"
కాట్లు: 12.

13, గురు.
పుదీనా బోడి. లావెండర్ బోడి. బంతికి పూలే మిగిలాయి. త్వరగా చిగుళ్ళు వేయాలని పొద్దునా సాయంత్రమూ నీళ్ళు. పళ్ళేలు నిండుగా ఉన్నాయి.

14, శుక్ర.
కుండీలు పడగ్గదిలోకి మార్చాను. కిటికీ గట్టు చాలలేదు. మంచం ఒక పక్క ఎలాగూ ఖాళీ. నాలుగు అక్కడ పెట్టాను.
సాయంత్రం వీడియో కాల్.
"నాన్నా, అమ్మ వైపు అదేంటి?"
"నిమ్మగడ్డి."
"దుప్పటి కప్పావేంటి?"
"ఫ్యాన్ గాలికి వాసన ఎగిరిపోకుండా."
అమ్మాయి కెమెరా పక్కకి తిప్పేసింది. తర్వాత పాలు పొంగుతున్నాయని పెట్టేసింది.

17, సోమ.
కాట్లు: 19. ఎడమకాలు వాడాల్సి వచ్చింది. కుడికాలిలో ఖాళీ లేదు. కాబట్టి రీడింగ్ చెల్లదు.
ఒక కాయిల్ వెలిగించాను. బాత్రూమ్‌లోనే. బాత్రూమ్ లెక్కలోకి రాదు.

18, మంగళ.
హాలు కూడా.

20, గురు.
వచ్చారు. గుమ్మంలోనే అమ్మాయి ముక్కు మూసుకుంది.
"కాయిల్ వెలిగించావు కదూ?"
"మొన్న."
పాపాయిని నా చేతికిచ్చి కిటికీలన్నీ తెరిచింది. అంతలో ఒక కుండీ దగ్గర వంగింది.
"నాన్నా, పళ్ళెంలో ఏదో కదులుతోంది."
దోమపిల్లలు. అన్ని పళ్ళేల్లోనూ. రోజుకు రెండుసార్లు నీళ్ళుపోసి నేనే పెంచాను.
"ల్యాబ్‌లో ముప్పై ఏళ్ళు ఏం చేశావు నాన్నా?"
"ఫిజిక్స్."
పళ్ళేలన్నీ ఎండలో బోర్లించింది. పాపకు తను తెచ్చిన బుల్లి దోమతెర వేసింది. తన బ్యాగు మాత్రం విప్పలేదు.

21, శుక్ర. ఉదయం 6.
రాత్రి కాట్లు. పాపాయి: 0. నేను: 0. అమ్మాయి: 23.
"నిన్నొక్కటీ కుట్టలేదేంటి?" అంది మోచేతులు గోక్కుంటూ.
మా కాపురం ముప్పైనాలుగేళ్ళూ ఇంతే. ఒకే మంచం, ఒకే దుప్పటి. దోమలన్నీ వాళ్ళమ్మ దగ్గరికే వెళ్ళేవి. నన్ను కుట్టడం మొదలుపెట్టి ఏడు నెలలే. ఆ మాటే చెప్పాను.
అమ్మాయి నా కాళ్ళవైపు చాలాసేపు చూసింది. తర్వాత లేచి బ్యాగు జిప్పు లాగింది.
"ఉంటాలే. కుట్టేది నన్నేగా."

సాయంత్రం 5. నర్సరీ. కొత్త నిమ్మగడ్డి 2. పళ్ళేలు వద్దన్నాను. ఆకు నలపడం రేపటినుంచి అమ్మాయీ నేనూ వంతులవారీగా. ఇంకా తొమ్మిది రోజులున్నాయి.