చనిపోయినవాళ్ల చీటీలో మీ పేరు

నాలుగు డచ్ సినిమాల్లో చిన్న వేషాలు వేసి, నేను పుట్టకముందే చనిపోయిన మీకు ఖరగ్‌పూర్ నుంచి రాస్తున్నాను.

రైల్వే గేట్‌మన్ వేషంలో మీరు జెండా పట్టుకున్న తీరు అచ్చం అదే పని చేసి పోయిన మా తాతయ్యదే. అందుకే సమాధుల పండక్కి, చనిపోయినవాళ్ల కోసం ప్రార్థించమని చర్చిలో ఇచ్చే చీటీ మీద ఆయన పేరు కింద మీ పేరూ రాశాను. మిమ్మల్ని తలచుకునేవాళ్లు ఇంకెక్కడా లేరేమోనని నా భయం.

ఇవాళ పూజలో చీటీలు చదువుతూ ఫాదర్ మీ పేరు దగ్గర ఆగిపోయారు.

"ఇదెవరు రాసినారు?"

సినిమా నటుడని చెబితే పేరు కొట్టేస్తారు.

"ఎవరే ఈయన? మనకేటవుతాడు?" అమ్మ గుసగుసగా అడిగింది.

క్లాసులో ఎప్పుడూ లేచి జవాబు చెప్పని నేను నిలబడ్డాను.

"మావాళ్లే ఫాదర్."

ఆయన మీ పేరు కూడబలుక్కుని చదివారు. మా రైల్వే ట్రాఫిక్ కాలనీ వాళ్లందరూ మీకు నిత్య విశ్రాంతి ఇమ్మని దేవుణ్ణి అడిగారు. అమ్మ మాత్రం నావైపే చూస్తోంది.