కడిగి పంపిన రీలు

ల్యాబు బాబాయి గారికి,

ప్రింటు తీయమని పంపిన రీలు అందింది. “నిండా ఏవో మరకలు తల్లీ, చూళ్లేక నేనే ఓపిగ్గా కడిగేశాను” అని మీరు పెట్టిన చీటీ కూడా చదివాను. మిమ్మల్ని తప్పుపట్టడానికి రాయడం లేదు. ఆడవాళ్ల సినిమా తీస్తున్నానని అందరికీ చాటుకున్నదాన్ని, మీ ఎదుట మాత్రం అవేమిటో చెప్పడానికి నోరు రాలేదు.

అవి మరకలు కావు బాబాయి గారూ. నా బహిష్టు రక్తం. నెలనెలా సముద్రపు పోటును కెమెరాతో తీసి, నెలసరి వచ్చినప్పుడు ఆ ఫిల్ము మీద నా వేలితోనే అద్దాను. తెర మీద అల వచ్చి పోతుంటే ఎరుపు కూడా వచ్చి పోవాలి. సినిమా అంతే, అందులో వేరే కథ లేదు.

ఇప్పుడు ఉత్త సముద్రమే ఉంది. చాలా శుభ్రంగా ఉంది.

మళ్లీ అద్దుకోవచ్చు కదా అంటారేమో. మీ దగ్గర రీలు ఉండగానే నాకు గర్భసంచి తీసేశారు. గడ్డలట. మా అక్క “పీడ విరగడైంది, ఇక హాయిగా ఉండు” అంటోంది. నేను తలూపుతున్నాను.

కడిగిన నీళ్లు ఇంకా మీ ల్యాబు తొట్టిలోనే ఉన్నాయా? ఈపాటికి పారబోసే ఉంటారని తెలుసు. అయినా ఒక్కసారి వెళ్లి చూడండి.