నేను గీసిన ముడతలు

పెంకిదానికి,

నీ సినిమా చూశాను. పక్క సీటు అమ్మాయి నువ్వు మాట్లాడినప్పుడల్లా ఏడ్చి ముక్కు చీదింది. నాకు ఒళ్లు మండింది. అరవై ఎనిమిదేళ్ల కథానాయికట! మొహానికి పౌడరు కూడా లేదట! "ముడతల్లో ఇంత అందముందా" అని పత్రికలో రాసిన పెద్దమనిషి, నీకు ముప్పై నిండగానే "ఇక అమ్మ వేషాలు చూసుకోవాలి" అని రాసినవాడే. ఇన్నేళ్లూ వాడి కళ్లు ఎక్కడ తాకట్టు పెట్టాడో!

అది సరే. ఆ డెబ్బై ఏళ్ల ముసలాడు నీ చెంప మీద చెయ్యి వేశాడే, అంతసేపెందుకు? వాడు చెయ్యి తీసేదాకా సెకన్లు లెక్కపెట్టాను. ఈ వయసులో అసూయేమిటని అడక్కు. ఇంట్లో పుస్తకాలన్నీ తిరగేశాను, దానికి మందు ఒక్కడూ రాయలేదు. వాడితోనే ఇంకో సినిమా అడిగారని మీ చెల్లెలు చెప్పింది. ఒప్పుకోకు. సన్మానాలు చాలించి ఇంటికొచ్చెయ్.

ఇలా అడిగే హక్కు నాకు లేదు. ఎదురుగా చెప్పే ధైర్యం లేక రాస్తున్నాను. నీ మొదటి అమ్మ వేషం నాటికి నీకు ముప్పై మూడు, నీ కొడుకుగా వేసిన హీరోకి నలభై ఆరు. "మాస్టారూ, చెవుల దగ్గర కాస్త తెలుపు చాలు" అన్నాడు డైరెక్టరు. నేను పెన్సిలు తీసి నీ కళ్ల కింద, నోటి పక్కన ముడతలు గీశాను. అంతకుముందు సినిమాలో ఆ హీరో నీ ప్రియుడు. భోజనాల దగ్గర నీ పక్కకి కుర్చీ లాక్కునేవాడు. ముసలిదాన్ని చేస్తే చూడడనుకున్నాను. చూడలేదు. ఆ తర్వాత మరెవరూ చూడలేదు. ముప్పై అయిదేళ్లు ఊరందరికీ అమ్మవయ్యావు. వయసుని తిట్టుకోకు, చేసింది నేనే.

నీ మేకప్‌మన్ మొగుడు

*

ఏమండీ,

ముందే చెప్పేస్తున్నాను, కొత్త సినిమాకి నిన్ననే సంతకం పెట్టేశాను.

ఎదురుగా నిలువెత్తు అద్దం పెట్టి, నాకు తెలియదనుకున్నారా? ప్రతి గీతా చూస్తూనే కూర్చున్నాను. జడ వేసే ఆవిడ "తుడిచేయనా అమ్మా?" అంది కూడా. నేనే వద్దన్నాను. అప్పటికి ఏడాదిగా నాకు పని లేదు. మీ గీతలు ముప్పై అయిదేళ్లు నాకు వేషాలు తెచ్చిపెట్టాయి. వాటి గురించి మీ మీద కోపం లేదు.

నా కోపం వేరు. సాయంత్రం అవన్నీ సబ్బుతో కడిగేసుకుని, ముప్పై మూడేళ్ల మొహంతో మీ స్కూటరు ఎక్కేదాన్ని. ఇంటికి రాగానే మీరు గోడవైపు తిరిగి పుస్తకం తెరిచేవారు. మీరు గీసిన గీతల్ని మీరే నమ్మేశారు.

ఆ పెద్దాయన చెంప మీద చెయ్యి వేసిన సీనుకి ఏడు టేకులయ్యాయి. తప్పు ఆయనది కాదు. వేసిన ప్రతిసారీ నేనే ఉలిక్కిపడ్డాను. అలా ఎవరైనా తాకితే ఎలా ఉండాలో మరిచిపోయానండీ.

ఆదివారం వస్తాను. రెండు రోజులుంటాను.

మీ ఆవిడ