రెండింటి మీదా ఇంటూ

పెద్దమామా, మీరు పోయి ఈ శుక్రవారానికి ఏడాది. ఇక్కడ పనిమనిషి యజమానురాలిని ‘మామా’ అనే పిలవాలి కదా, అందుకే నాకు మీ కోడలు మామ, అత్తగారైన మీరు పెద్దమామ. మీ హంగేరీలో రెఫరెండం, అదే ప్రభుత్వం అడిగిన ప్రశ్నకు జనం అవుననో కాదనో ఓటేసేది, జరిగిన రోజు, ఇక్కడ కువైట్‌లోని మీ ఎంబసీకి మిమ్మల్ని చక్రాల కుర్చీలో తీసుకెళ్లింది నేనే. ‘అవును’, ‘కాదు’ రెండింటి మీదా ఇంటూ కొట్టి వచ్చానని చెప్పారు. ఓటు చెల్లదు కదండీ అన్నాను. “చెల్లకూడదనే, మార్తా. వంకర ప్రశ్నకు జవాబివ్వకూడదు” అన్నారు.

నిన్న మీ కోడలు ఒక కాగితం ఇచ్చింది. సెలవు రోజైన శుక్రవారం చర్చికి వెళ్లడం మానుకుంటానో, ఫోన్ ఇచ్చేస్తానో, ఏదో ఒకదానికి ఇంటూ పెట్టాలట. రెండింటికీ పెట్టాను.

“అయితే రెండూ వదిలేస్తావా?” అంది.

“లేదండి మామా. రెండిటికీ కొడితే కాగితమే చెల్లదండి. పెద్దమామ నేర్పారండి.”

ఆవిడకు కోపం వచ్చింది. రానివ్వండి. ఇవాళ శుక్రవారం, ఇది చర్చి మెట్ల మీద కూర్చుని, నా ఫోన్‌లోనే రాస్తున్నాను.