అక్క మోకాళ్ళకు గులాబీ ఉప్పు

ఆదివారం, రాత్రి.

రాత వంకరగున్నది, తప్పులుంటే మన్నించాలె. దొడ్డుప్పు నూరి నూరి వేళ్ళు మండుతున్నయి.

గుడిమల్కాపూర్ పూలమార్కెట్ల కొన్న గులాబీరేకులు, వేపాకు ఎండబెట్టి ఆ ఉప్పుల కలిపిన. సీసల పోసి ఇయ్యాల కిషన్‌బాగ్‌ల ఉండే అక్కకు తీస్కపోయిన. మా ఇద్దరికి రెండేండ్ల సంది మాటల్లేవు. కాని మోకాళ్ళు నొస్తున్నయని వినంగనే మనసాగలేదు.

సీస ఇయ్యబోతె అక్క చేతులు ఎనక్కి పెట్టుకున్నది. ఇంక తీసుకోదనుకున్న.

"ఉప్పు చేతికిస్తరారా? మళ్ళ లొల్లి కావాల్నా? కింద పెట్టు."

అరుగు మీద పెట్టిన. తనే తీసుకొని వాసన చూసింది.

"పప్పుల ఏసుకోవాల్నా?"

"కాదక్కా, స్నానం చేసే వేడినీళ్ళల్ల."

"గులాబీల స్నానమా? నవాబుల ఇంటికి పంపినవ్‌రా నన్ను!" అని నవ్వింది. చాయ్ పోసింది.

ఈపాటికి స్నానం చేసిందో లేదో. అక్కా, నొప్పి ఎట్లున్నదో జల్ది ఫోన్ జేసి చెప్పు.