శనివారం కాసిన ఎండ

జనవరి 15, బుధవారం. స్లౌ, ఇంగ్లండ్.

రేపు తెల్లవారుజామున ప్రయాణం. ఈ డైరీ కొన్నది అందుకే. రెండొందల ఏళ్ల కిందట ఉత్తరపు మంచులో ఓడలు ఇరుక్కుపోయినవాళ్లు బూటు తోలు ఉడకబెట్టుకు తింటూ కూడా రోజూ రాశారు. వాళ్ల గురించి నేను ఆరేళ్లుగా చదువుతున్నాను. బావ ఆరేళ్లుగా వింటున్నాడు, పాపం.

స్కాట్లాండ్ ఉత్తరం కొసన, రోడ్డుకు ఏడు మైళ్లు లోపల ఒక రాతి గది ఉంది. అలాంటివాటిని బోతీ అంటారు. కరెంటు లేదు, తాళం లేదు, ఎవరైనా ఉండొచ్చు. అక్కడ రెండు రాత్రులు. రఘువీర్ బావకు ఇందులో సరదా ఏమీ లేదు. నేనొక్కణ్ణే పోయి చస్తానేమోనని వస్తున్నాడు.

జనవరి 16, గురువారం. ఇన్వర్‌నెస్, రాత్రి 8.

పదకొండు గంటల డ్రైవింగ్. నడుం విరిగింది.

పొద్దున భలే తప్పించుకున్నాం. సోమవారం రాత్రికి వచ్చేస్తామని మాత్రం నీలిమక్కకు చెప్పాం. జనవరిలో మంచు కొండలంటే కాలు కదపనివ్వదు. రొట్టెలూ చెనక్కాయల పొడీ కట్టిచ్చి, గుమ్మం దగ్గర సరిగ్గా నోరు తెరిచింది. బావవాళ్లమ్మ రాజ్యం అత్తయ్య వెనకనుంచి గదిమింది, పొయ్యేటప్పుడు ఏడికని అడగగూడదని. అక్క నోరు మూసుకుంది. కార్లో ఊరు దాటేదాకా నవ్వుకున్నాం.

జనవరి 17, శుక్రవారం. బోతీ. సాయంత్రం 5.

బావ కాలు విరిగింది.

గది కనబడుతూనే ఉంది. మధ్యలో వంక పారుతోంది. నేను దాటేశాను. బావ రాయి మీద జారి నడుం లోతు నీళ్లలో పడ్డాడు. మోకాలి కింద ఎముక తోలును లోపలినుంచి పొడుస్తోంది. మూడొందల గజాలు లాక్కొచ్చేసరికి గంటన్నర పట్టింది. తడి బట్టలు మార్చాను, నా స్లీపింగ్ బ్యాగ్ కూడా కప్పాను. ఆయన ఫోన్ నీళ్లలో పోయింది. నాదాంట్లో సిగ్నల్ లేదు, ఆఫ్ చేసి పెట్టాను. మోసుకొచ్చిన బొగ్గు ఒక్క సంచి.

మేమెక్కడున్నామో ఎవరికీ తెలీదు. సోమవారం రాత్రి దాకా వెతికేవాళ్లే ఉండరు. ఆ తర్వాత మాత్రం ఏ దిక్కని వెతుకుతారు?

జనవరి 18, శనివారం. ఉదయం 9.

తెల్లారిందన్న మాటే గానీ బయట ఏమీ కనబడదు. మంచు అడ్డంగా పడుతోంది. తెరిపిస్తే చాలు, వంక దాటి కొండెక్కి రోడ్డు చేరాలి. బావతో అదే అనుకున్నాం. ఆయన పడుకున్న బల్లకు కిటికీ తల వెనకాల ఉంది. ఆయనకు బయట కనబడదు.

మధ్యాహ్నం 12.40

తెరిపిచ్చింది. బావ కళ్లు తెరిచి బయట ఎట్లుందని అడిగాడు. మంచు పడుతూనే ఉందన్నాను.

2.15

పడట్లేదు. ఎండ కాసింది. కొండ మీది దాకా దారి కనబడింది. గంటకు పైగా కనబడింది.

భయమేసింది. ఆయన పడ్డచోటే దాటాలి. ఆ తర్వాత ఏడు మైళ్లు ఒక్కణ్ణే. రెండుసార్లు తలుపు దాకా పోయాను. బూటు లేసులు కట్టుకున్నాను, విప్పాను. ఇప్పుడు మళ్లీ కమ్ముకొచ్చింది. కమ్ముకోగానే నాకు హాయిగా అనిపించింది. అదీ రాస్తున్నాను. ఆరేళ్లు చదివి నేను తేలింది ఇంతే.

జనవరి 19, ఆదివారం.

గాలికి తలుపు తెరవడమే కుదరట్లేదు. ఈరోజు నిజంగానే కుదరట్లేదు.

బొగ్గు రాత్రే అయిపోయింది. కుర్చీ విరగ్గొట్టి పొయ్యిలో పెట్టాను, అల్మారా పలకలు కూడా. ఆఖరి రొట్టె చెరి సగం చేస్తే బావ తన సగం నా వైపు జరిపాడు, అరగట్లేదన్నాడు. అబద్ధమని తెలుసు. తిన్నాను.

సాయంత్రానికి ఆయన వణకడం ఆగింది. మంచిదనుకున్నాను. తర్వాత గుర్తొచ్చింది, పాత డైరీల్లో అది మంచి సంగతి కాదు.

జనవరి 20, సోమవారం. ఉదయం 8.30

గాలి తగ్గింది. మంచు పడుతూనే ఉంది. అయినా పోతున్నాను. బావ చెయ్యి పట్టుకుని, ఇంకా తెరిపివ్వలేదు, అయినా పోతానన్నాను. కళ్లు మూసుకున్నాడు. నిద్రపోయాడనుకున్నాను.

తర్వాత అన్నాడు: "శనివారం ఎదురు గోడ మీదికి ఎండొచ్చిండ్య క్రాంతీ. నేను జూసినా. నాకైనా బయమే అయితాండ్యలే. ఇప్పుడన్నా పో."

జనవరి 22, బుధవారం. ఇన్వర్‌నెస్, హాస్పిటల్.

వంక తగ్గిపోయి మోకాలి లోతు కూడా లేదు. కొండ మీదికి నలభై నిమిషాలు. అక్కడ ఫోన్ ఆన్ చేస్తే రెండు గీతల సిగ్నల్. నలభై నిమిషాలు.

రెస్క్యూ వాళ్లు మధ్యాహ్నం రెండింటికి చేరారు. నేను బయల్దేరాక రెండు మూడు గంటల్లోనే పోయుంటాడని డాక్టర్ అంది. నేనే అడిగాను, శనివారం అయితే? ఆవిడ నా కాలివేళ్ల కట్టు చూస్తూ, తప్పకుండా బతికేవాడని చెప్పింది. నా సంగతి ఆవిడకు తెలీదు.

జనవరి 30, గురువారం. స్లౌ.

మొన్న దహనం అయిపోయింది. బయట వాన. స్లౌలో తెలుగువాళ్లంతా వచ్చారు. ఒకాయన నా భుజం తట్టి, అంత మంచులో ధైర్యంగా నడిచానని మెచ్చుకున్నాడు. నేను తలూపాను.

అత్తయ్య వారం రోజులుగా ముద్ద ముట్టట్లేదు. వచ్చినవాళ్లందరికీ ఒకటే చెబుతోంది: ఆరోజు నీలిమను తానే అడగనివ్వలేదట, ఏడికని ఒక్క మాట అడగనిచ్చి ఉంటే బిడ్డ బతికేవాడట, తన నోరే కొడుకును చంపిందట. అక్క కాదనట్లేదు. ఆవిడ కంచం వైపు కూడా చూడట్లేదు. ఒకే ఇంట్లో ఇద్దరూ మాట్లాడుకోవట్లేదు. నేను మధ్యలో కూర్చుని టీ తాగాను.

జనవరి 31, శుక్రవారం.

బావ చివరి రోజులు ఇందులో ఉన్నాయటగా, ఇమ్మని అక్క అడిగింది. అత్తయ్య కూడా వింటుందట, చదివి వినిపిస్తుందట.

అన్ని పేజీలూ ఉన్నాయి, శనివారంది కూడా. కిందికి తీసుకెళ్తున్నాను.